మా వాడకు నేను గీసిన పటం

నిన్న పొద్దున రెండో చాయ్ తాగుతుంటే ఫోన్‌కు ఒక సందేశం వచ్చింది. పంపినవాడు ఒకప్పటి నా విద్యార్థి. ఇప్పుడు కరీంనగర్‌లో ఒక డిగ్రీ కాలేజీలో, ఒకప్పుడు నేను చెప్పిన పాఠాలే తానూ చెబుతున్నాడు. అరవై ప్రశ్నలు, ఒక్కోదానికి నాలుగు జవాబులు. అన్నీ నింపితే మన రాజకీయ భావజాలం ఏమిటో యంత్రమే తేల్చి, ఒక చదరంలో మన పేరిట చుక్క పెడుతుందట. "మేడం, మీ చుక్క ఏడ పడుతదోనని క్లాసుల పిల్లలు పందెం కాస్తున్రు, జర నింపి పంపున్రి" అని కింద రాశాడు. పనిలేని పొద్దు కదా అని కళ్లద్దాలు పెట్టుకుని మొదలుపెట్టాను. పన్నులు పెంచాలా, మతం ఇంట్లోనే ఉండాలా, పెద్దల మాటను పిల్లలు ప్రశ్నించవచ్చా అంటూ సాగాయి ప్రశ్నలు. పదకొండో ప్రశ్న, ఇల్లు లేనివారికి ప్రభుత్వం ఇల్లు కట్టించాలా అని. అవును, కొంతవరకు అవును, కొంతవరకు కాదు, కాదు. నా వేలు అక్కడే ఆగిపోయింది. నోట్లో చాయ్ చేదెక్కింది. ఎవరి ఇల్లు, ఏ వాడలో, దాన్ని మధ్యలో ఆపింది ఎవరు అని అడిగే ప్రశ్న ఆ అరవైలో ఎక్కడా ఉండదని నాకు తెలుసు. ఫోన్ బోర్లా పెట్టి లేచాను. కళ్లు మసకగా ఉన్నాయి, తర్వాత చూస్తానని వాడికి అబద్ధం చెప్పాను.

ఈ చుక్కల మీద నాకు ఇంత రోత పుట్టడం మరీ పాత సంగతేం కాదు. ముప్పై ఏళ్లు నేను వీటి మీదే జీతం తీసుకున్నాను. నల్లబల్ల మీద ఈ చివర నుంచి ఆ చివరకు ఒక గీత గీసి, ఎడమ కొసన సమానత్వం కోరేవాళ్లను, కుడి కొసన ఉన్నది ఉన్నట్టే ఉండాలనేవాళ్లను, నడుమ ఎటూ తేల్చుకోనివాళ్లను నిలబెట్టేదాన్ని. ఎప్పుడో ఫ్రాన్సులో రాజు అధికారం మీద తగువు వచ్చినప్పుడు, రాజు పక్షంవాళ్లు సభలో అధ్యక్షుడికి కుడివైపునా, ఎదురుపక్షంవాళ్లు ఎడమవైపునా సర్దుకున్నారట. అంటే ఎవరికి ఎవరి పక్కన కూర్చోబుద్ధి కాలేదన్న సంగతి మీద ఇంత శాస్త్రం లేచిందన్నమాట. మా కాలేజీలో ఆడపిల్లల బెంచీలు ఎడమవైపు, మగపిల్లలవి కుడివైపు ఉండేవి. ఒక సంవత్సరం, ముందు బెంచీలోని పిల్ల లేచి, "గట్లయితె మేమందరం ఇప్లవమోళ్లమా మేడం?" అని అడిగితే క్లాసు క్లాసంతా పగలబడి నవ్వింది. ఆ తర్వాత ఒక్క గీత చాలదని, నిలువుగా ఇంకో గీత వచ్చింది. పైకి పోయినకొద్దీ అధికారానికి తల వంచేవాళ్లు, కిందికి దిగినకొద్దీ ఎవరి మాటా విననివాళ్లు. ఇంకొకరు ఎవరో గీతను గుర్రపునాడాలాగా వంచి, రెండు కొసలూ దగ్గరికే వస్తాయన్నారు. మరొకరు త్రికోణం అన్నారు. ప్రతిదాన్నీ కొత్త చీర మడత విప్పినంత సంబరంగా పిల్లలకు చూపించేదాన్ని. చాక్‌పీసు పొడితో చీర కొంగు తెల్లబడి ఇంటికి వస్తే, మా ఆయన ఈ రోజు ఎంతమందిని ఏ గదిలో పెట్టి వచ్చావని ఎగతాళి చేసేవాడు.

నిజానికి నాకు బుద్ధి రావలసింది ఇంకా చాలా ముందు, మా బాపును చూసి. బాపు పొద్దున లేవగానే ఎర్ర పార్టీ పత్రికను ఇంటిల్లిపాదికీ వినిపించేలా గట్టిగా చదివేవాడు. గోడ మీద ధర్మపురి నరసింహస్వామి పటం, దాని పక్కనే ఎవరో గడ్డం ఉన్న విదేశీయుడి పటం, రెండింటికీ ఒకేసారి అగరొత్తి వెలిగించేవాడు. దున్నేవాడిదే భూమి అని అరుగు మీద ఉపన్యాసం ఇస్తూనే, మా పొలం దున్నే ఆయన వస్తే మాత్రం కింద కూర్చోబెట్టేవాడు. అది తప్పని ఎవరైనా అంటే నిజంగానే ఆశ్చర్యపోయేవాడు. ఓటు మాత్రం మా మేనత్త మొగుడు ఏ పార్టీలో ఉంటే ఆ పార్టీకే, ఎందుకంటే బావ మాట కాదనలేడు. ఎమ్మే చదివే రోజుల్లో సెలవులకు వచ్చి, నువ్వు ఎడమనా కుడినా తేల్చి చెప్పమని పట్టుబట్టాను. "నేను మీ అవ్వకు ఎదురువోను బిడ్డా, గంతే. మిగిలినయన్ని పేపర్ల సంగతులు" అన్నాడు, వంటింట్లో ఉన్న మా అమ్మ వైపు చూసి. ఆ మాటను ముప్పై ఏళ్లు క్లాసులో హాస్యానికి వాడుకున్నాను. హాస్యానికి కాకుండా పాఠానికి వాడుకుని ఉంటే బాగుండేది.

మా ఆయన పోయి, ఉద్యోగం అయిపోయాక, పెద్దపల్లికి దగ్గర్లోని మా పుట్టినూరిలో రెండు గదుల ఇల్లు కట్టుకుని ఉంటున్నాను. మా అన్న కొడుకు, నా మేనల్లుడు కూడా అదే ఊళ్లో ఎరువుల దుకాణం నడుపుతాడు. నలభై దాటిన మనిషి. వాడిని ఏ గీత మీద పెట్టాలో నా శాస్త్రానికీ తెలియదు. కాలేజీలో ఉన్నప్పుడు పిడికిలి బిగించి ఎర్ర జెండా మోశాడు. తర్వాత జెండా మారింది, ఆ తర్వాత మళ్లీ మారింది. కండువాలు మారాయి గానీ ఆ మెడ మాత్రం ఎప్పుడూ ఎవరి ముందో ఒకరి ముందు వంగే ఉంది. కిందటి పంచాయతీ ఎన్నికలప్పుడు వాడు ఒక పార్టీకి మా వాడ ఇన్‌ఛార్జి. ఒక మధ్యాహ్నం ఓటర్ల జాబితా, మూడు రంగుల స్కెచ్ పెన్నులు పట్టుకుని మా ఇంటికి వచ్చాడు. మనవాళ్లకు పచ్చ, కానివాళ్లకు ఎరుపు, గోడ మీది పిల్లులకు పసుపు, ఒక్కో ఇంటికీ ఒక రంగు పూయాలట.

"నువ్వు పొద్దంత అరుగు మీద కూసుంటవ్ గదా అత్తా. ఎవలు ఎట్లనో నాకన్న నీకే ఎర్క. జర చెప్పు, నేను రంగేస్త" అన్నాడు.

నాకు ఒళ్లు మండింది. నిజం చెప్పాలి కదా, మండినందుకు కారణం మాత్రం మంచిది కాదు. ఒక మనిషి ఓటును ఆ మనిషికి తెలియకుండా లెక్కకట్టడం తప్పని కాదు నాకు కోపం వచ్చింది. మూడంటే మూడే రంగులా అని వచ్చింది. ముప్పై ఏళ్లు భావజాలాల వర్గీకరణ చెప్పిన మనిషి ముందు మూడు స్కెచ్ పెన్నులు పెడతావా అని వచ్చింది. "చదువుకున్నోనివేనారా? మనుషులు ట్రాఫిక్ లైట్లనుకున్నవా?" అని తిట్టి, అలమరలోంచి పాత గ్రాఫు పుస్తకం తీశాను. అడ్డంగా ఒక గీత, నిలువుగా ఒక గీత. అడ్డగీత మీద సమానత్వం సంగతి, నిలువుగీత మీద అధికారం సంగతి. ఇల్లు ఇల్లుకూ ఒక చుక్క, చుక్క పక్కన ఇంటి నంబరు. వాడు నోరు తెరుచుకుని చూస్తుంటే నాకు మళ్లీ క్లాసులో నిలబడినట్టు ప్రాణం లేచి వచ్చింది.

రెండు మధ్యాహ్నాలు పట్టింది. వాడి పెళ్లాం ఉడకబెట్టి పంపిన కందికాయలు ఒలుచుకు తింటూ, తొక్కలు ఒక పళ్లెంలో వేస్తూ, మా వాడలోని ఎనభై గడపలనూ ఒక్కొక్కటిగా గ్రాఫు కాగితం మీదికి దించాను. ఎంత ఆనందపడ్డానో తలుచుకుంటే ఇప్పుడు నా మీద నాకే అసహ్యం వేస్తుంది. ఎవరు ఎవరి అరుగు ఎక్కరో, ఎవరి ఇంట్లో ఆడవాళ్ల మాట చెల్లుతుందో, ఎవరు ఎమ్మార్వో ముందు చెప్పులు విప్పుతారో, అన్నీ నాకు తెలుసు. ఎన్నో ఏళ్లుగా చూసినవి, విన్నవి, నమ్మి నాతో చెప్పుకున్నవి, అన్నీ చుక్కలయ్యాయి. మూలమీది కిరాణా దుకాణం ఆయన్ని పటంలో కుడిపక్క పైకొసన పెట్టాను. పక్కన పెన్సిలుతో, అధికారం ఎవరిదైతే వారికి దండం పెట్టే రకం అని రాశాను. అది తిట్టు. చదివినవాళ్లకు అర్థమవుతుందనే రాశాను.

పటంలో ఎడమపక్క అట్టడుగు మూలన ఒకే ఒక్క చుక్క ఉంది. అది మా వదినెది. వదినె అంటే చుట్టరికం కాదు. మిషన్ కాంపౌండు బడిలో ఐదో తరగతి దాకా ఇద్దరం ఒకే బెంచీ మీద కూర్చున్నాం. నేను కాలేజీ చదువులకు పోయాను, ఆమె అదే కాంపౌండులోని హాస్టల్లో వంటకు కుదిరింది. నేను తిరిగి వచ్చిన రోజు వాడలో చాలామంది దొరసానీ అని పలకరిస్తే, ఆమె ఒక్కతే "ఏం వదినె, మంచిగున్నవా" అంది. ఆ పిలుపే నిలిచింది. మొగుడు పోయి కొన్నేళ్లయింది, బిడ్డ పెళ్లయి ఆదిలాబాద్ దిక్కు పోయింది. మట్టిగోడల రేకుల ఇంట్లో ఆమే, మంచానపడ్డ ఆమె అత్తా. ముసలమ్మకు చూపు కూడా ఆనదు. సర్కారు ఇల్లు వస్తే అందులోకి మారి అక్కడే కన్నుమూయాలన్నది ఆ ముసలమ్మ కోరిక. పరాయి పంచన చచ్చిన తన తల్లిని తలుచుకుని, రోజుకు నాలుగుసార్లు ఇల్లు మంజూరయిందా అని అడిగేది. వదినె దరఖాస్తు పెట్టింది. గోడ అప్పటికే ఒకవైపు పొట్ట ఉబ్బింది, ఇంకో రెండు వానలు ఆగదని మేస్త్రీ చెప్పాడు.

ఆ ఎన్నికల్లోనే మా వాడకు చీరలు వచ్చాయి. ఇంటింటికీ ఒక సంచి, సంచిలో చీర, చీర మీద అభ్యర్థి బొమ్మ ఉన్న కాగితం. నాకూ ఇచ్చారు, మర్యాదగా తీసుకుని బీరువా అడుగున పడేశాను. పంచేవాళ్ల వెంట మా అల్లుడు కూడా ఉన్నాడు. వదినె మాత్రం గడపలోనే నిలబడి, వాడంతా వినేలా, "చీర నీది, ఓటు నాది. దేనిది దానికే. కొంటవో నీ సంచి" అని వెనక్కి ఇచ్చేసింది. నేను అరుగు మీద నుంచి చూస్తున్నాను, నాకు చప్పట్లు కొట్టాలనిపించింది. ఆ సంగతి జరిగిన వారానికే పటం గీశాను. ఆమెను ఆ మూలన పెట్టడం నా దృష్టిలో సన్మానం. అందరికీ సమానంగా దక్కాలని కోరుతూ, ఎవరికీ తల వంచనివాళ్ల చోటది. నేను ఉండాలని ఆశపడి ఎన్నడూ ఉండలేకపోయిన చోటు. చుక్క చుట్టూ ఎర్ర పెన్సిలుతో నక్షత్రం గీశాను. కాగితం అడుగున, నా అందమైన చేతిరాతలో, ఈ మూలన ఉన్నవారు ఏ అధికారానికీ లొంగరు, ప్రలోభాలకు పడరు అని వివరణ రాశాను. అల్లుడు ఫోన్లో ఫొటో తీసుకుని, "నువ్వు మామూలుదానివి కాదత్తా" అని కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆ పొగడ్తకు నేను ఆ పూట రెండు ముద్దలు ఎక్కువ తిన్నాను.

అల్లుడి పార్టీ అభ్యర్థే సర్పంచిగా గెలిచాడు. ఎండలు ముదిరే వేళకు ఇండ్ల జాబితా తయారైంది. బడి ముందు షామియానా వేసి, కుర్చీలు వేసి, మైకులో పేర్లు చదివారు. కిరాణా ఆయన పేరు మూడోది. ఆయనకు రెండంతస్తుల ఇల్లుంది, మేడ మీద నీళ్ల ట్యాంకు, దాని మీద నెమలి బొమ్మ. కొడుకు వేరు పడ్డాడని కాగితం పుట్టించాడట. వదినె పేరు రాలేదు. చివరిదాకా చదివారు, అయినా రాలేదు. ఆమె లేచి అడుగుతుందని చూశాను. అడగలేదు. ముసలమ్మను పక్కకు తిప్పే వేళ అయిందని, కాగితాల కవరు చంకన పెట్టుకుని వెళ్లిపోయింది. మైకు పట్టుకున్నవాడు అందరూ చప్పట్లు కొట్టాలన్నాడు, జనం కొట్టారు. కిరాణా ఆయన నా దగ్గరకు వచ్చి లడ్డు ఇచ్చాడు. చేతిలో ఆ నెయ్యి జిడ్డు, ఆ వేడికి కరుగుతున్న చక్కెర, దాన్ని కుర్చీ మీదే పెట్టేసి లేచాను.

తిన్నగా ఎరువుల దుకాణానికి పోయాను. లోపలంతా మందుల ఘాటు, ముక్కు మండిపోతోంది. అల్లుడు యూరియా బస్తాల మీద కాలు చాపి ఫోన్ చూసుకుంటున్నాడు. వదినె కన్నా ఇల్లు లేనిది ఈ వాడలో ఎవరున్నారని అడిగాను. వాడు ఏమాత్రం తడబడలేదు.

"నువ్వే గదా అత్తా చెప్పినవ్" అని ఫోన్లో నా పటం తెరిచి, వేళ్లతో పెద్దది చేసి, ఆ మూలన ఉన్న ఎర్ర నక్షత్రాన్ని నాకు చూపించాడు. "ఎవ్వలకు లొంగదని నువ్వే రాసినవ్. లొంగనోళ్లకు ఇల్లిస్తె రేపు మనకు గ్యారంటేంది? పైన ఉన్నోళ్లను ముందుగాల పెట్టినం, కింద ఉన్నోళ్లను ఎన్కకు పెట్టినం. నీ పేపర్ మస్తు పనికొచ్చిందత్తా. మండలంల అందరు మెచ్చుకున్రు. పక్క ఊళ్లల్ల గూడ గిట్లనే గీసుకుంటున్రు."

వాడు తప్పు చదివి ఉంటే నాకు కొంచెం ఊరట ఉండేది. శాస్త్రం తెలియని మూర్ఖుడని తిట్టి ఇంటికి పోయేదాన్ని. కానీ నేను ముప్పై ఏళ్లలో తయారుచేసిన విద్యార్థుల్లో నా పాఠాన్ని అంత సరిగ్గా, అక్షరం పొల్లు పోకుండా అర్థం చేసుకున్నవాడు ఇంకొకడు లేడు. మూడు స్కెచ్ పెన్నులతో ఉండి ఉంటే వాడు వదినెకు ఎరుపు పూసేవాడో పసుపు పూసేవాడో. ఎవరైనా బతిమాలితే రంగు మార్చేవాడేమో కూడా. నా పటం వాడికి ఆ అనుమానం లేకుండా చేసింది. వదినె పేరు ఎక్కించమని, మేనత్తనన్న హోదా అంతా చూపించి అడిగాను. వాడు గొంతు తగ్గించి, ఆమె పార్టీ ఆఫీసుకు వచ్చి కండువా కప్పుకుని ఒక్క ఫొటో దిగితే రెండో జాబితాలో చూద్దామన్నాడు. వాడి మెడలో కండువా చెమటకు తడిసి అట్టకట్టి ఉంది. దాన్ని చూస్తుంటే నాకు దాని వాసన కూడా వచ్చినట్టైంది.

ఆ మాట వదినెకు ఎలా చెప్పాలో తెలియక నెల రోజులు తప్పించుకు తిరిగాను. వానలు మొదలయ్యాక ఇక ఆగలేక ఆమె ఇంటికి వెళ్లాను. ఇంట్లో మూడుచోట్ల గిన్నెలు పెట్టి ఉన్నాయి, నీటి బొట్లు ఒక్కో గిన్నెలో ఒక్కో రకంగా చప్పుడు చేస్తున్నాయి. పొట్ట ఉబ్బిన గోడకు రెండు తాటి దుంగలు ఆనించారు. వదినె పొయ్యి ముందు కూర్చుని తడిసిన కట్టెలతో కుస్తీ పడుతోంది. మొత్తం చెప్పేశాను. పటం సంగతి, నక్షత్రం సంగతి, కింద రాసిన వాక్యం, చివరికి కండువా సంగతి. చెబుతున్నంతసేపు ఆమె పొగలో కళ్లు చికిలించుకుని నన్నే చూసింది. నేను తిట్లకు సిద్ధమై ఉన్నాను.

"ఒక్క మాట నన్ను అడగకపోతివి వదినె" అంది.

తర్వాత ఊదుగొట్టం పక్కన పెట్టి, చాలా మామూలుగా, తాను ఓటు వేసింది ఆ గెలిచిన అభ్యర్థికేనని చెప్పింది. నేను నమ్మలేదు. మరి చీర ఎందుకు తిప్పి కొట్టావని అడిగాను.

"మా ఆయన సచ్చిన్నాడు ఒర్రె పొంగింది, యాదికున్నదా? నువ్వు కరీంనగర్ల ఉన్నవేమో. బొందలగడ్డకు శవం పెట్టె మోయనీకె మనుషులు దొరకలే. గాయన దారెంబడి పోతుండె. పాయింటు మోకాళ్లదాక మలుసుకొని, పెట్టె ముంగటి కొస భుజాన పెట్టుకొని, నడుంలోతు నీళ్లల్ల దాటిండు. ఎవలని గూడ అడగలే. గా భుజానికి ఏసిన నా ఓటు. గాయన ఓటుకు చీర పంపితె నాకు రోతనిపించింది, అందుకే ఎన్కకిచ్చిన."

లోపలి మంచం మీద నుంచి ముసలమ్మ గొంతు వచ్చింది. "ఎవలే? పంతులమ్మనా? ఇల్లు మంజూరయిందట్నా బిడ్డా?"

"అయితది అత్తా, కాయిదాలు నడుస్తున్నయి" అని వదినే జవాబు చెప్పింది. తర్వాత నా వైపు తిరిగి, కండువా కప్పుకోనంది. కోపంగా కాదు, ఉప్పు సరిపోయిందని చెప్పినంత మామూలుగా అంది. తాను ఎవరికి ఓటు వేసిందో కూడా ఎవరితో అనవద్దని ఒట్టు పెట్టింది. ఓటు చెప్పుకుని ఇల్లు తెచ్చుకుంటే అది చీర తీసుకున్నట్టే కదా అంది.

ఆ ఒట్టు వేశాను, మరునాడే తప్పాను. దుకాణానికి పోయి, ఆమె మీ మనిషికే ఓటేసిందిరా అని అల్లుడి కాళ్లావేళ్లా పడ్డంత పని చేశాను. వాడు నవ్వాడు. "జాబితాల పేరు రానోళ్లందరు గిట్లనే అంటరత్తా. నీ పటం నమ్మాల్నా, గా ముసల్దాని కోడలి మాట నమ్మాల్నా?" అన్నాడు. నా గీతల మీద నాకన్నా వాడికే నమ్మకం ఎక్కువ కుదిరింది. అప్పుడు నాకు తోచింది ఏమిటంటే, ఇన్నేళ్లూ నేను గీసిన ఏ చదరంలోనూ ఒక భుజానికి చోటు లేదు. పెట్టె మోసినవాడికి వేసే ఓటు ఎడమా కాదు, కుడీ కాదు, పైనా కాదు, కిందా కాదు. అలాంటివే సగం ఓట్లు అయి ఉండవచ్చు, మా బాపు ఓటు సహా. తెలిసి తెలిసి వాటిని గీతల మీద గుచ్చి, పిల్లలకు మార్కులు వేశాను.

సోమవారం పూట పెద్దపల్లి కలెక్టర్ ఆఫీసుకు పోయి వరుసలో నిలబడి అర్జీ ఇచ్చాను. రశీదు ఇచ్చారు. మరో సోమవారం పోయాను, ఇంకో రశీదు ఇచ్చారు. శ్రావణంలో ఒక పొద్దున వదినె గోడ కూలింది. అదృష్టం కొద్దీ కూలింది వీధివైపు. నా ముందుగది ఖాళీ చేసి రమ్మని పిలిచాను. ముసలమ్మ ఒప్పుకోలేదు. దొరల ఇంట్లో చావను, మా ఇంట్లో చస్తానని మొండికేసింది. చివరికి మిషన్ కాంపౌండులో పాత హాస్టల్ సామాన్ల గదిని ఊడ్చి ఇచ్చారు. నలుగురు మంచంతో సహా ఎత్తుకుపోయారు. దారిలో ముసలమ్మ, మంచం కదులుతున్న కుదుపుకు, కొత్త ఇంటికేనా అని అడిగింది. మోసేవాళ్లలో ఒకాయన అవునన్నాడు. వదినె వెంటనే, కాదత్తా, కాంపౌండుకు, అని సరిదిద్దింది. అబద్ధం ఆడి ఉంటే బాగుండేదని నేను మనసులో అనుకున్నాను, కానీ అబద్ధాలు ఆడే హక్కు అప్పటికి నాకు మిగలలేదు.

బతుకమ్మ పండుగకు పది రోజుల ముందు ముసలమ్మ ఆ సామాన్ల గదిలో, పగిలిన బెంచీలకూ తుప్పు పట్టిన డేగిసాలకూ నడుమ పోయింది. పోయే ముందు రెండు రోజులు ఇల్లు సంగతి అడగడం మానేసిందట. సర్పంచి వచ్చాడు. మెడలో కండువా తీసి కారులో పెట్టి, పెట్టె ముందు కొసను భుజానికెత్తుకుని బొందలగడ్డ దాకా నడిచాడు. ఎవరూ ఫొటో తీయలేదు, ఆయనా చూసుకోలేదు. జాబితా మీద సంతకం పెట్టిన చెయ్యీ, పెట్టెను పట్టుకున్న చెయ్యీ ఒక్కటే. ఆ మనిషిని ఎంత అసహ్యించుకోవాలో నాకు అర్థం కాలేదు. వదినె మాత్రం మట్టి వేశాక ఆయనకు చెంబుతో నీళ్లు ఇచ్చింది. ఆయన తాగి, తల వంచుకుని వెళ్లిపోయాడు. ఆ జాబితాకు చుక్కలు పెట్టింది నేనని ఆ గుంపులో ముగ్గురికే తెలుసు. మూడోవాడు మా అల్లుడు, దూరంగా నిలబడి ఫోన్ మాట్లాడుతున్నాడు.

ఈ ఎండాకాలం రెండో జాబితాలో వదినె పేరు వచ్చింది. ఎందుకు వచ్చిందో ఎవరూ చెప్పలేదు, మొదటిసారి ఎందుకు పోయిందో చెప్పనట్టే. మొన్న ఇంటి పునాదికి ముగ్గు పోశారు. రెండు గదులకు వీలున్నా ఒక్క గది చాలని వదినె మేస్త్రీతో వాదిస్తుంటే పక్కన నిలబడి విన్నాను. రెండో గది ఎవరికని ఆయన అడగలేదు, ఆమె చెప్పలేదు. ఆ పటం గీయడానికి నాకు రెండు మధ్యాహ్నాలు చాలాయి. దాని గీతల్లోంచి ఒక పేరు బయటపడడానికి ఏడాదిన్నర పట్టింది. ఆ ముసలమ్మ దగ్గర అంత కాలం లేదు.